వనెసా పారదీ: పద్నాలుగేళ్ల ‘టాక్సీ పాప’ ఇన్నేళ్లు ఎలా నిలబడింది?

గోదారిగట్టు (శనివారం రాత్రి 10:20)

అందరికీ నమస్కారం. మొన్న రాత్రి ఒక ఫ్రెంచి సినిమా చూశాను, ఇంకా తలలోంచి పోవట్లేదు. 1999లో పత్రీస్ లెకోంత్ తీసిన నలుపు తెలుపు సినిమా. తెలుగులో చెప్పుకోవాలంటే ‘వంతెన మీద అమ్మాయి’. చచ్చిపోదామని రాత్రిపూట సేన్ నది వంతెన ఎక్కి నిలబడ్డ ఒక పిల్ల. ఎలాగూ ప్రాణం అక్కర్లేదంటోంది కాబట్టి తన ప్రదర్శనలో బల్లకు ఆనుకుని నిలబడమని అడిగే కత్తులు విసిరే ఆటగాడు. ఆయన డానియల్ ఓతయ్, ఆయన్ని ముందే చూశాను. ఆ అమ్మాయే నాకు కొత్త.

వెతికితే పేరు వనెసా పారడిస్ అని తెలిసింది. అసలు గాయని అట, పద్నాలుగేళ్లకే ఒక పాటతో ఫ్రాన్స్ అంతా మోగిపోయిందట. ఒకచోట గొంతే లేదని రాశారు, ఇంకోచోట నెత్తిన పెట్టుకున్నారు. ఏది నమ్మాలి? ఎక్కడ మొదలుపెట్టి వినాలి? తెలిసినవాళ్లు చెప్పండి.

లియాన్_లక్ష్మి (రాత్రి 11:05)

గోదారిగట్టు గారూ, ముందు పేరు సరిచేద్దాం. చివరి ‘స్’ పలకరు. అలాగని ‘పారడీ’ కూడా కాదు. ఫ్రెంచివాళ్ల నాలుక పళ్లకు తగిలి వచ్చే అక్షరం అది, మన ‘ద’ లాంటిదే. కాబట్టి ‘పారదీ’. ఈ ఒక్క విషయంలో తెలుగువాళ్లకు ఇంగ్లీషువాళ్లకంటే సులువు.

నేను లియాన్ వచ్చి పదకొండేళ్లయింది. ఫ్రెంచి నేర్చుకునే రోజుల్లో మా క్లాసులో పంతులమ్మ మొదట వినిపించిన పాట ఆవిడదే: ‘జో ల తక్సీ’, టాక్సీ నడిపే జో గురించి. 1987లో వచ్చింది. ఫ్రాన్సులో వరసగా 11 వారాలు మొదటి స్థానంలో ఉంది. మరుసటి ఏడు బ్రిటన్‌లో 3వ స్థానం దాకా వెళ్లింది. ఫ్రెంచిలో పాడిన పాట అక్కడ అంత పైకి వెళ్లడం చాలా అరుదు.

ఆ పాటలో వ్యాకరణం పుస్తకంలోది కాదు. ‘ఆయన అన్నిచోట్లకీ వెళ్లడు, సోడాతో నడవడు’ అనే వాక్యంలో ‘ఇల్’ అనాల్సింది ‘ఇ’ అంటుంది, ‘కాదు’ అనడానికి ముందు రావాల్సిన చిన్న మాట ఎగిరిపోతుంది. మనం ‘వస్తున్నాడు’ అని రాసి ‘వస్తన్నాడు’ అంటామే, అట్లా. కారును ‘కేస్’ అంటుంది, అంటే పెట్టె. మా పంతులమ్మ బోర్డు మీద రెండు నిలువు వరసలు గీసి, ఒకవైపు పుస్తకంలో మాట, రెండోవైపు పాటలో మాట రాయించింది. ఆ కాగితం ఇప్పటికీ నా దగ్గర ఉంది.

చీకటిహాలు (రాత్రి 11:40)

మంచి చర్చ మొదలుపెట్టారు. వనెసా 1972 డిసెంబరు 22న పారిస్ పక్కనే ఉన్న సాన్-మోర్-దె-ఫోస్సేలో పుట్టింది. బాబాయో మామయ్యో, దిదియే పాన్ అనే నటుడు, ఆయన ద్వారా ఏడెనిమిదేళ్లకే పిల్లల పాటల పోటీ టీవీ కార్యక్రమంలో పాడింది. తర్వాత ఆ టాక్సీ పాట. సాహిత్యం ఎతియెన్ రోదా-జిల్, సంగీతం ఫ్రాంక్ లాంగొల్ఫ్. ఇద్దరూ అప్పటికే పేరున్నవాళ్లు.

తర్వాత జరిగింది మాత్రం బాధాకరం. అంత హిట్ కొట్టిన పిల్లను దేశమంతా ముద్దు చేయాలి కదా. చేయలేదు. 1988 జనవరిలో కాన్‌లో సంగీత వ్యాపారుల పెద్ద మేళా జరిగితే అక్కడ వేదిక మీద పాడుతుంటే ఈలలు వేసి, కేకలు పెట్టి అవమానించారు. అప్పటికి ఆమెకు పదిహేనేళ్లే. వీధిలో మనుషులు తిట్టారని, ఉమ్మేశారని ఆవిడే తర్వాత చాలాసార్లు చెప్పింది.

మాధవి_ఆర్ (ఆదివారం ఉదయం 7:15)

ఉదయాన్నే ఇది చదివి మనసు పాడైంది. మా పాప తొమ్మిదో తరగతి. ఇంకో నాలుగు నెలలైతే సరిగ్గా అదే వయసు. స్కూల్ వార్షికోత్సవంలో పాట మధ్యలో ఒక్క లైన్ మర్చిపోతే వెనక బెంచీల పిల్లలు నవ్వారని రెండు రోజులు సరిగా అన్నం తినలేదు. హాలు నిండా పెద్దవాళ్లు ఈలలు వేస్తే ఆ పిల్ల ఎలా తట్టుకుందో!

ఏమిటి వాళ్ల కోపం? పాడటం రాదనా?

లియాన్_లక్ష్మి (ఉదయం 9:30)

మాధవి గారూ, పాట కంటే పిల్ల మీదే ఎక్కువ అనుకుంటా. సన్నని గొంతు, ముందు పళ్ల మధ్య సందు, కెమెరా వైపు చూసే ఆ చూపు. ఒకవైపు పత్రికలు ఆమెను వయసుకు మించిన అందగత్తెలా చూపించాయి, ఇంకోవైపు అలా కనిపిస్తోందని ఆమెనే తప్పుపట్టాయి. ఇక్కడ నాతో పనిచేసే యాభై దాటిన ఆడవాళ్లు కొందరు ఇప్పుడు ఒప్పుకుంటారు: ‘మేమూ అప్పట్లో ఆ పిల్లను ఏడిపించేవాళ్లమే, ఎందుకో తెలియదు’ అని.

ఆ పళ్ల సందును ఇక్కడ ‘ఆనందపు పళ్లు’ అంటారు, అదృష్టమని నమ్మకం. ఆవిడ వాటిని సరిచేయించుకోలేదు.

వినేవాడు (ఉదయం 10:10)

అందరికీ కోపం రాకపోతే నా అభిప్రాయం చెబుతాను. నేను హైదరాబాద్‌లో రికార్డింగ్ స్టూడియోలో పనిచేస్తాను, రోజూ గొంతులతోనే పని. ఈలలు వేయడం దుర్మార్గం, అందులో రెండో మాట లేదు. కానీ పాట విషయానికి వస్తే ఆ గొంతులో బలం తక్కువ. పై స్థాయికి వెళ్తే సన్నబడిపోతుంది, కింద స్థాయిలో గాలి ఎక్కువ, స్వరం తక్కువ. ‘జో ల తక్సీ’లో నన్ను లాగింది శాక్సఫోన్, ఆ లాటిన్ తాళం. పాట గొప్పది. గాయని ఎవరైనా అది నిలిచేది అనిపిస్తుంది.

ఇంకోటి. ఆవిడ కెరీర్ వరస చూడండి. మొదట రోదా-జిల్, లాంగొల్ఫ్. తర్వాత గాన్స్‌బూర్. తర్వాత లెనీ క్రావిట్జ్. తర్వాత మత్యూ షెదిద్. ప్రతిసారీ వెనక ఒక పెద్ద సంగీతకారుడు. మరి ఆవిడ వాటా ఎంత?

పాతపాటలపేటిక (మధ్యాహ్నం 12:45)

బాబూ వినేవాడూ, నీ వృత్తి మీద గౌరవంతోనే చెబుతున్నా, ఆ చివరి ప్రశ్న నాకు నచ్చలేదు. ఎవరి దగ్గర పాడాలో తెలుసుకోవడం కూడా గాయకురాలి విద్యే. గొప్ప సంగీత దర్శకుడి చేతిలో పడి మాయమైపోయినవాళ్లు ఎంతమంది లేరు!

వరస నువ్వే చెప్పావు కాబట్టి వినేసి చూడు. 1990లో సెర్జ్ గాన్స్‌బూర్ ఆమెకు పాటలు రాశాడు. ఆయన 1991 మార్చి 2న పోయాడు, అంటే అది ఆయన చివరి పనుల్లో ఒకటి. 1992లో క్రావిట్జ్‌తో ఇంగ్లీషు ఆల్బమ్. వాయిద్యాలు చాలావరకు అతనే వాయించాడు, అరవైల నాటి అమెరికన్ సోల్ పాటల వాసన. ‘బీ మై బేబీ’ బ్రిటన్‌లో 6వ స్థానం. రెండూ పక్కపక్కన పెట్టి వింటే గాన్స్‌బూర్ పాటల్లో మాట్లాడినట్టు పాడుతుంది, క్రావిట్జ్ దగ్గర నవ్వుతూ దూకుతుంది. మనిషి మాత్రం ఒక్కరే. చీకట్లో వినిపించినా గుర్తుపట్టేస్తాం. సన్న గొంతు వేరు, ఊరూ పేరూ లేని గొంతు వేరు.

మన సినిమాల్లో తెర మీద ముఖం ఒకరిది, గొంతు ఇంకొకరిది కావడం అలవాటైపోయింది. రెండూ తనవే అయిన భానుమతి గారి గురించి మా నాన్నగారు ‘ఆ గొంతులో ఆవిడ నడక కూడా వినిపిస్తుందిరా’ అనేవారు. అంతకంటే పోలిక తేను, ఇద్దరి దారులూ వేరు. కానీ పారదీ పాట వింటే నాకు ఆ మాటే గుర్తొస్తుంది.

లియాన్_లక్ష్మి (మధ్యాహ్నం 1:20)

మాస్టారూ, ఆ 1990 ఆల్బమ్ పేరులోనే శ్లేష ఉంది, మీకు నచ్చుతుంది. ‘అదే అంశం మీద రకరకాల రూపాలు’ అన్నట్టు వినిపిస్తుంది, సంగీతంలో వాడే మాట. రాసింది చూస్తే ‘అంశం’ స్థానంలో ‘నిన్ను ప్రేమిస్తున్నా’లోని మాట ఉంటుంది. ఫ్రెంచిలో రెండూ ‘తెమ్’ అనే పలుకుతారు.

యానాంవాసి (మధ్యాహ్నం 2:50)

చాలా రోజుల తర్వాత ఇక్కడ నాకు చెప్పడానికి ఒక విషయం దొరికింది.

మాది యానాం. మా అమ్మమ్మ చెల్లెలి కుటుంబం ఫ్రెంచి పౌరసత్వం ఉంచుకుని అటు వెళ్లిపోయింది. రెండేళ్లకోసారి పార్శిల్ వచ్చేది: చాక్లెట్లు, సబ్బులు, ఉన్ని శాలువా, ఎవరికీ సరిపోని కోట్లు. 1988 చివర్లో వచ్చిన పార్శిల్‌లో మా చిన్నమామయ్య కోసం ఒక క్యాసెట్ ఉంది. అట్ట మీద జుట్టు విరబోసుకున్న ఒక అమ్మాయి. డబ్బా మూత ఒకవైపు విరిగి వచ్చింది, మామయ్య దానికి రబ్బరుబ్యాండు వేశాడు. అది పారదీ మొదటి ఆల్బమ్.

మా ఇంట్లో ఫ్రెంచి తాతయ్యకు తప్ప ఎవరికీ సరిగా రాదు. ఆయన చదువుకున్నది పాత బడి ఫ్రెంచి. ‘ఇదేం భాషరా, సగం మాటలు మింగేస్తోంది’ అని విసుక్కునేవారు. లక్ష్మి గారు పైన చెప్పింది చదివాక ఇన్నేళ్లకు అర్థమైంది, తాతయ్యకు కోపం తెప్పించింది ఆ వాడుక భాషే. మామయ్య మాత్రం సాయంత్రం అరుగు మీద టేప్‌రికార్డర్ పెట్టి ఆ టాక్సీ పాటే మళ్లీ మళ్లీ వేసేవాడు. రివైండ్ బటన్ నొక్కి పట్టుకోవడం నా డ్యూటీ. శాక్సఫోన్ ఎక్కడ మొదలవుతుందో వేలికి తెలిసిపోయేది.

క్యాసెట్ ఇంకా ఉండాలి. మామయ్యను అడుగుతాను.

గోదారిగట్టు (సాయంత్రం 4:05)

యానాంవాసి గారూ, తప్పకుండా అడగండి. మేము ఉండేది రాజమండ్రి, మీకు పక్కనే. ఆ పాట ముప్పై ఏళ్ల కింద ఇంత దగ్గర దాకా వచ్చిందంటే వింతగా ఉంది.

ఇప్పుడు సినిమాల సంగతి చెప్పండి ఎవరైనా. ఆ వంతెన సినిమా మొదటి సీన్ చూశాక ఆమెను గాయని అని మాత్రమే అంటే నాకు మింగుడుపడటం లేదు.

చీకటిహాలు (సాయంత్రం 5:30)

ఆ మొదటి సీన్ గురించి ఒక పూట మాట్లాడవచ్చు. కథ మొదలవకముందే ఆ అమ్మాయి, అదేల్ ఆమె పేరు, ఒక కుర్చీలో కూర్చుని ఉంటుంది. ఎదురుగా ఒక ఆవిడ ప్రశ్నలు అడుగుతుంటుంది. వెనక చీకట్లో జనం ఆకారాలు. నిమిషాల తరబడి కెమెరా దాదాపుగా ఆమె ముఖం వదలదు. చదువు మానేయడం, చిన్నవయసులోనే ఎవరితోనో వెళ్లిపోవడం, ప్రతిసారీ మోసపోవడం, అన్నీ చెబుతుంది. జాలి కోసం గొంతు పెంచదు. భవిష్యత్తు ఎలా కనిపిస్తోందని అడిగితే పెద్ద రైల్వే స్టేషన్‌లో వెయిటింగ్ రూమ్‌లా అంటుంది: బల్లలు, చలిగాలి, అద్దాల అవతల తనను చూడకుండా పరుగెత్తే జనం. వాళ్లకు ఎక్కాల్సిన రైళ్లున్నాయి, తనకు కూర్చుని ఎదురుచూడటమే. ఏం కోసం అంటే, తనకంటూ ఏదో ఒకటి జరగడం కోసం.

అక్కడ ఆమె కళ్లు చూడండి. నీళ్లు నిండుతాయి, కారవు. మధ్యలో చిన్న నవ్వు వచ్చి పోతుంది. ఈలలు వేయించుకున్న పిల్లకు ఈ మాటలు బయటినుంచి తెచ్చుకోవాల్సిన పని లేదని నాకనిపిస్తుంది. ఓతయ్‌కు ఈ సినిమాకు ఉత్తమ నటుడిగా సీజర్ (ఫ్రాన్సులో పెద్ద సినిమా అవార్డు) వచ్చింది. ఆమెకు నామినేషన్ దగ్గర ఆగింది. నా లెక్కలో సినిమా ఆమెది.

కానీ నటిగా మొదలు అంతకు పదేళ్ల ముందే. 1989లో జాన్-క్లోద్ బ్రిసో సినిమా ‘నోస్ బ్లాంష్’. సాన్-తెతియెన్ ఊళ్లో ఒక ఫిలాసఫీ మాస్టారు, చదువు వదిలేసే దశలో ఉన్న తెలివైన విద్యార్థిని, వాళ్ల మధ్య పెరిగే సంబంధం, దాని విషాదం. పాటలపిల్లను పెట్టుకున్నాడని అందరూ పెదవి విరిచారు. మరుసటి ఏడు ఉత్తమ వర్ధమాన నటిగా సీజర్ ఆమె చేతిలో ఉంది. ఈలలు వేసిన రెండేళ్లకే.

మాధవి_ఆర్ (సాయంత్రం 6:10)

స్కూలు పిల్లతో మాస్టారు ప్రేమకథా? అవార్డు వచ్చినా సరే, నేను చూడలేను. ఆ దర్శకుడి గురించి ఏదో చదివిన గుర్తు కూడా ఉంది.

చీకటిహాలు (సాయంత్రం 6:45)

మీరు చదివింది నిజమేనండీ. బ్రిసో తర్వాత తీసిన వేరే సినిమాకు నటీమణులను ఎంపిక చేసే పేరుతో లైంగికంగా వేధించాడని 2005లో కోర్టు శిక్ష వేసింది. ఆ కేసు ‘నోస్ బ్లాంష్’ గురించి కాదు. కానీ అది తెలిశాక ఆ సినిమా నేను రెండోసారి చూసినప్పుడు మొదటిసారిలా చూడలేకపోయాను. ఆమె నటన గురించి నా అభిప్రాయం మారలేదు, ఆమె చుట్టూ ఉన్నదాని గురించి మారింది. మీరు చూడకపోవడం సబబే.

మాధవి_ఆర్ (సాయంత్రం 7:00)

సూటిగా చెప్పినందుకు థాంక్సండీ. మా పాపతో కలిసి చూడగలిగేది ఏదైనా ఉంటే చెప్పండి.

లియాన్_లక్ష్మి (రాత్రి 8:15)

ఉందండీ! 2011లో వచ్చిన యానిమేషన్ ‘పారిస్‌లో ఒక రాక్షసుడు’. 1910 వరదల నాటి పారిస్. పెద్దగా పెరిగిపోయిన ఒక ఫ్లీ, అంటే కుక్కల ఒంటి మీద గెంతే పురుగు, జనం దాన్ని రాక్షసుడని వేటాడుతుంటే లూసీల్ అనే గాయని దాచిపెట్టి తనతో వేదిక ఎక్కిస్తుంది. లూసీల్ గొంతు పారదీదే, మాటలూ పాటలూ. ఇంగ్లీషు వెర్షన్‌లో కూడా ఆవిడే. సేన్ నది గురించిన పాట ఒకటుంది, సంగీతం మత్యూ షెదిద్. మా అబ్బాయి ఐదేళ్లప్పుడు కారు ఎక్కితే అదే పాట కావాలనేవాడు.

పెద్దవాళ్లకు సరదా కావాలంటే 2010 నాటి ‘లార్నాకర్’. రొమాన్ డ్యురిస్ హీరో, మొనాకోలో కథ. ఫ్రాన్సులో 35 లక్షలకు పైగా టికెట్లు తెగాయి. ఇందులోనూ పేరు ఆటే: ‘మోసగాడు’ అనే మాట పలికినట్టే ఉంటుంది, రాతలో చివర ‘హృదయం’ దూర్చారు.

చీకటిహాలు (రాత్రి 8:50)

లక్ష్మి గారు సరదావి చెప్పారు, నేను ఒక బరువైనది. 2011లోనే ‘కఫే ద ఫ్లోర్’, దర్శకుడు కెనడాకు చెందిన జాన్-మార్క్ వాలే. అరవైల నాటి పారిస్‌లో డౌన్ సిండ్రోమ్ ఉన్న కొడుకును ఒంటరిగా పెంచే తల్లి. అలంకరణ లేదు, జుట్టు పిన్నుతో బిగించి కట్టిన ముడి, మెట్లెక్కి దిగి అలిసిపోయిన నడక. కెనడా వాళ్ల జీనీ అవార్డు ఉత్తమ నటిగా వచ్చింది. అందగత్తె పాత్రలకే పనికొస్తుందనుకునేవాళ్లకు ఇది చూపించాలి. ఆ బిడ్డ చేయి పట్టుకుని వీధిలో నడిచేటప్పుడు ఎదురొచ్చేవాళ్ల చూపులను ఆమె ఎలా ఎదుర్కొంటుందో గమనించండి.

పాతపాటలపేటిక (రాత్రి 9:30)

మీరు సినిమా, పాట విడివిడిగా మాట్లాడుతున్నారు. రెండూ కలిసిన ఒక ఘట్టం ఉంది, అందరూ చూడాలి. 1995 కాన్ చలనచిత్రోత్సవం ప్రారంభం. జ్యూరీ అధ్యక్షురాలు జాన్ మోరో. ఆవిడ కూడా పాడే నటి. 1962 నాటి సినిమాలో ఆవిడ పాడిన ‘సుడిగాలి’ పాటను ఆమె ఎదుటే పాడమని వనెసాను పిలిచారు. వనెసా దాదాపు గుసగుసలా మొదలుపెడుతుంది. మోరో వింటూ వింటూ ఉండలేక గొంతు కలుపుతుంది. ఒక గొంతు పొగాకుతో బొంగురుపోయింది, ఇంకోటి దూదిలా ఉంది. ఇద్దరూ ఒకరి కళ్లలోకి ఒకరు చూసుకుంటూ పాడతారు.

అది కూడా కాన్ ఊరే. ఏడేళ్ల ముందు ఈలలు వేసిన ఊరు.

మాధవి_ఆర్ (రాత్రి 9:50)

మాస్టారూ, ఆ చివరి లైన్ చదివి కాసేపు అలాగే ఉండిపోయాను.

వినేవాడు (సోమవారం రాత్రి 9:15)

నిన్నటి నుంచి వింటూనే ఉన్నాను, హెడ్‌ఫోన్స్‌తో, వరస ప్రకారం. కొన్ని మాటలు వెనక్కి తీసుకోవాలి, కొన్ని అలాగే ఉంచుతాను.

2000 నాటి ‘బ్లిస్’లో కొన్ని పాటలు ఆవిడే రాసుకుంది. దీని గురించి ఎవరూ ఎక్కువ మాట్లాడరెందుకో. హాలీవుడ్ నటుడు జానీ డెప్‌తో కలిసి ఉన్న రోజులు, అప్పుడే కూతురు పుట్టింది, ఆ నిదానం పాటల్లో వినిపిస్తుంది. తర్వాత ఏడేళ్లు ఆగి 2007లో షెదిద్‌తో ‘దివినిదీల్’. మరుసటి ఏడు విక్త్వార్ అనే ఫ్రెంచి సంగీత అవార్డుల్లో ఉత్తమ గాయని. ఏడేళ్లు కొత్త ఆల్బమ్ లేకుండా ఉండి తిరిగొస్తే జనం ఎదురుచూస్తున్నారంటే, వెనక ఉన్న సంగీతకారుడి గొప్పతనం ఒక్కటే కారణం అనలేను. నా ప్రశ్న తప్పు.

నన్ను పట్టుకున్నది మాత్రం 2010లో వెర్సాయ్ రాజమందిరపు ఆపెరా హాల్లో చేసిన కచేరీ రికార్డింగ్. అంతా అకూస్టిక్. పక్కన డ్రమ్స్ మోత లేనప్పుడు ఆ గొంతులో గాలి లోపం కాదు. పదం చివర శ్వాస ఎక్కడ వదలాలో ఆవిడకు పక్కాగా తెలుసు. మైకుకు ఎంత దగ్గరగా ఉండాలో, ఏ అక్షరం దగ్గర అంగుళం వెనక్కి జరగాలో తెలిసినవాళ్లే అలా పాడగలరు. మా స్టూడియోకు వచ్చే కొత్త పిల్లలకు ఇది వినిపిస్తాను.

పై స్థాయిలో సన్నబడుతుందన్న మాట మాత్రం వెనక్కి తీసుకోను. అది నిజమే కదా మాస్టారూ.

పాతపాటలపేటిక (రాత్రి 9:40)

నిజమే నాయనా. నేనూ కాదనలేదు.

లియాన్_లక్ష్మి (రాత్రి 10:00)

వినేవాడు గారూ, అక్కడ ఆగకండి. 2013లో బెంజమిన్ బియోలేతో ‘లవ్ సాంగ్స్’, 2018లో ‘లె సుర్స్’, అంటే ఊటలు. 2016లో కాన్ జ్యూరీలో కూర్చుంది కూడా. 2021లో మొదటిసారి నాటక రంగం ఎక్కింది, భర్త సామ్యుయెల్ బెంషెత్రి రాసిన ‘అమ్మ’ నాటకంతో, పారిస్ ఎదువార్-సెత్ థియేటర్‌లో. అప్పటికి ఆవిడకు నలభై ఎనిమిదేళ్లు. ఆ వయసులో కొత్తగా వేదిక మీద మాటలు నేర్చుకోవడానికి ధైర్యం కావాలి.

యానాంవాసి (మంగళవారం రాత్రి 8:25)

క్యాసెట్ దొరికింది! మామయ్య బీరువాలో, పెళ్లి ఆల్బమ్ కింద. రబ్బరుబ్యాండు కరిగి డబ్బాకు అతుక్కుపోయింది. టేపు ఒకచోట నలిగింది. పక్కింటివాళ్ల దగ్గర పాత టేప్‌రికార్డర్ ఉంటే తెచ్చి, పెన్సిల్‌తో టేపు బిగించి వేశాం. మొదటి వైపు పాడైపోయింది, ఏదో నీళ్లలోంచి వస్తున్నట్టుంది. రెండో వైపు బాగానే ఉంది.

మామయ్యకు ఇప్పుడు అరవై ఐదు. ఒక్క ఫ్రెంచి ముక్క రాదు, పాటలు మొత్తం నోటికొచ్చు. లక్ష్మి గారూ, ఆయన పాడింది ఫోన్‌లో రికార్డు చేశాను, మీకు పంపనా? ఏ మాట ఏమిటో చెబితే తెలుగులో రాసి ఆయనకు ఇస్తాను. ముప్పై ఏళ్లకు పైగా ఏం పాడుతున్నాడో తెలుసుకోవాలని ఉందట.

లియాన్_లక్ష్మి (రాత్రి 8:40)

ఇప్పుడే పంపండి. రేపు నాకు సెలవు, పొద్దున్నే కూర్చుంటాను.